నూటికి ఎంత? ఏ నూటికి?

ప్రత్యేక సంచికకు ఏదైనా చారిత్రక విషయం రాయమని సంపాదకవర్గం వారు కోరారు. రాజుల గురించి, యుద్ధాల గురించి రాయగల పెద్దలు మన సంఘంలోనే ఉన్నారు. ముప్పై ఏడేళ్లు గుమాస్తాగిరీ చేసినవాడికి తెలిసినవి కూడికలూ తీసివేతలే. అందుచేత మనమందరం చిన్నప్పుడు బెత్తం దెబ్బల మధ్య నేర్చుకున్న లాభనష్టాల లెక్కలు ఎక్కడ పుట్టి, ఏ దారిన మన పలకల మీదికి వచ్చాయో చెబుదామనిపించింది. ఇది కేవలం పిల్లల పాఠం కాదని, పింఛను మీద బతికే మనబోటి వాళ్లకు నెలనెలా అవసరపడే పాఠమని చివరిదాకా చదివినవారు ఒప్పుకుంటారు.

ముందుగా సూత్రం గుర్తు చేసుకుందాం. అమ్మినవెలలోంచి కొన్నవెల తీసివేస్తే లాభం. ఆ లాభాన్ని నూరుతో హెచ్చవేసి కొన్నవెలతో భాగిస్తే లాభశాతం. అమ్మినవెల తక్కువైతే నష్టం, దాని శాతమూ కొన్నవెల మీదనే. ఇంతే. అయితే "కొన్నవెలతోనే ఎందుకు భాగించాలి, అమ్మినవెలతో ఎందుకు భాగించకూడదు?" అని అడిగిన పిల్లవాడికి మా రోజుల్లో జవాబు దొరికేది కాదు, వీపు మీద ఒకటి దొరికేది. నిజానికి ఈ లెక్కల చరిత్ర అంతా ఆ ఒక్క ప్రశ్న చుట్టూనే తిరుగుతుంది.

నూటికి ఇంత అని చెప్పడం తెల్లవాళ్లు నేర్పిన విద్య అని కొందరి అభిప్రాయం. అది సరికాదు. కౌటిల్యుని అర్థశాస్త్రంలో వర్తకుల లాభానికి హద్దు పెట్టిన భాగం ఉంది. స్వదేశీ సరుకు మీద నూటికి అయిదు, పరదేశపు సరుకు మీద నూటికి పది. అంతకు మించి ధర పెంచితే జరిమానా. అందులో గమనించవలసిన మాట ఏమిటంటే, ఆ అయిదూ పదీ అనుమతించిన కొనుగోలు ధర మీద లెక్క. అంటే కొన్నవెల మీద లాభం కట్టడం మన బడిపంతుళ్లు కనిపెట్టినది కాదు, దానికి రెండువేల ఏళ్ల చరిత్ర ఉంది. కారణం కూడా తేలికే. వర్తకుడు చేతినుంచి పెట్టిన డబ్బు కొన్నవెల. పెట్టినదాని మీద ఎంత వచ్చిందన్నదే అతనికి కావలసిన సంగతి, అధికారికి కావలసిన సంగతీ అదే.

అర్థశాస్త్రంలో వడ్డీ కూడా నూటికే చెప్పారు, కాని నెలకు. నూరు పణాలకు నెలకు ఒకటింబావు పణం న్యాయమైన వడ్డీ. వ్యాపారపు అప్పుకైతే అయిదు, అడవుల్లో తిరిగి వర్తకం చేసేవారికి పది, సముద్రం మీద పోయేవారికి ఇరవై. ప్రమాదం పెరిగినకొద్దీ వడ్డీ పెరిగింది. ఈనాటి బ్యాంకులు లావుపాటి పుస్తకాల్లో చెప్పే సూత్రం అదే.

మన పల్లెల్లో ఈ నెలవారీ పద్ధతి ఇప్పటికీ చావలేదు. "రెండు రూపాయల వడ్డీ" అంటే నూటికి నెలకు రెండు రూపాయలు, సంవత్సరానికి 24 శాతం. బ్యాంకువాడు సంవత్సరానికి చెబుతాడు, షావుకారు నెలకు చెబుతాడు. ఈ తేడా తెలియని పట్నపు కుర్రవాడు రెండు రూపాయల వడ్డీ అంటే బ్యాంకుకంటే చవకనుకునే ప్రమాదముంది. 2004లో మన ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం మహిళా సంఘాలకు ప్రకటించిన పావలా వడ్డీ పథకం పేరు కూడా ఈ పల్లె లెక్కలోంచి వచ్చినదే. నూటికి నెలకు పావలా అంటే ఏడాదికి 3 శాతం. మూడు శాతం అంటే అక్కచెల్లెళ్లలో ఎందరికి తెలిసేదో గాని, పావలా అనగానే ఊరంతటికీ అర్థమయింది. 2011 జూన్ 30తో పావలా బిళ్ల చెల్లుబాటు పోయినా పావలా మాట మాత్రం చెల్లుతూనే ఉంది.

లెక్క చేసే పద్ధతికి వస్తే, మనకు త్రైరాశికం ఉంది. 499లో ఆర్యభటుడు తన గ్రంథంలో దీన్ని చెప్పాడు. ప్రమాణం, ఫలం, ఇచ్ఛ అని మూడు రాశులు. తెలిసిన వస్తువు ప్రమాణం, దాని ధర ఫలం, మనం అడిగేది ఇచ్ఛ. ఫలాన్ని ఇచ్ఛతో హెచ్చవేసి ప్రమాణంతో భాగిస్తే జవాబు. 628లో బ్రహ్మగుప్తుడు దాన్ని అయిదు, ఏడు, తొమ్మిది, పదకొండు రాశులదాకా పెంచాడు. అసలూ కాలమూ వడ్డీ కలిసిన లెక్క పంచరాశికం. భాస్కరాచార్యుని లీలావతి 1150 నాటిది, అందులోనూ ఇవన్నీ ఉన్నాయి. లాభశాతమంటే వేరే ఏమీ కాదు, ప్రమాణం స్థానంలో కొన్నవెల, ఫలం స్థానంలో లాభం, ఇచ్ఛ స్థానంలో నూరు పెట్టిన త్రైరాశికమే.

తెలుగువాళ్లం గర్వపడవలసిన సంగతి ఇంకొకటి. రాష్ట్రకూట అమోఘవర్షుని కాలంలో, తొమ్మిదో శతాబ్దంలో, మహావీరాచార్యుడు సంస్కృతంలో గణిత సార సంగ్రహం రాశాడు. దాన్ని పావులూరి మల్లన తెలుగు పద్యాల్లోకి తెచ్చాడు. మల్లన కాలం మీద పండితులకు భేదాభిప్రాయాలున్నా ఆయన్ను పదకొండో శతాబ్దంవాడని చెప్పేవారే ఎక్కువ. నన్నయ భారతం రాస్తున్న రోజుల చుట్టుపక్కలే తెలుగులో లెక్కల పుస్తకం కూడా పుట్టిందన్న మాట. భారతం గురించి చెప్పుకున్నంతగా దీన్ని గురించి మనం చెప్పుకోకపోవడం నాకు ఎప్పుడూ వెలితిగానే ఉంటుంది.

ఈ విద్య వీధిబడుల్లోకి ఎలా దిగిందో చెప్పడానికి 1823లో బళ్లారి కలెక్టరు క్యాంబెల్ పంపిన నివేదిక ఉంది. మద్రాసు గవర్నరు మన్రో అంతకు ముందు ఏడాది అన్ని జిల్లాల బడుల లెక్కలు అడిగాడు. బళ్లారి జిల్లాలో 533 బడులు, 6,641 మంది పిల్లలు ఉన్నట్టు తేలింది. పొద్దున్నే అందరికంటే ముందు వచ్చిన పిల్లవాడి అరచేతిలో సరస్వతి పేరు రాసేవారట, రెండోవాడికి సున్న, మూడోవాడికి ఒక దెబ్బ, నాలుగోవాడికి రెండు, ఇలా పెరుగుతూ పోయేవి. ఆఖరున వచ్చినవాడి సంగతి ఊహించుకోండి! ఇసకలో వేలితో దిద్దడం, ఎక్కాలు వల్లె వేయడం, నాణేలూ తూనికలూ కొలతల లెక్కలు చేయడం, ఇదీ చదువు. ఎక్కాల వల్లెవేతను ఈనాడు చాలామంది తప్పు పడుతున్నారు. కాగితం ఖరీదైన రోజుల్లో, బుర్రలోనే లెక్క కట్టవలసిన సంతలో, ఆ వల్లెవేత లేకపోతే రైతు కొంప మునిగేది.

శాతాన్ని పడమటి దేశాల్లో ప్రచారం చేసినవారు ఇటలీ వర్తకులు. 1478లో వెనిస్ దగ్గరి ట్రెవిసోలో అచ్చయిన అంకగణితం వర్తకం నేర్చుకునే కుర్రాళ్ల కోసమే రాసినది. ఆ సంప్రదాయం ఇంగ్లండు బడులకు, అక్కడినుంచి ఇంగ్లీషు చదువుతోపాటు మనకు వచ్చింది. లాభనష్టాలు అని ప్రత్యేక అధ్యాయం పెట్టి, అందులో యాభై లెక్కలిచ్చి, వెనక పేజీల్లో జవాబులచ్చు వేయడం ఆ పుస్తకాల ధోరణి. మనవాళ్లూ రాశారు. అలీగఢ్‌లో పాఠం చెప్పిన జాదవ్ చంద్ర చక్రవర్తి అంకగణితం పందొమ్మిదో శతాబ్దం చివర వచ్చి, దేశంలో పలు భాషల్లోకి వెళ్లింది.

ఇక మన తరం కళ్లారా చూసిన మార్పు గురించి చెప్పాలి. ఇది కొంచెం విపులంగా చెబుతాను, ఎందుకంటే దీన్ని చూసినవాళ్లం తగ్గిపోతున్నాం.

రూపాయికి పదహారు అణాలు, అణాకు పన్నెండు పైసలు. మూడు పైసలు కాని, రెండణాలు బేడ, నాలుగణాలు పావలా. మా ఊరి కొట్టు శెట్టిగారికి సంతకం రాదు, వేలిముద్రే. కాని ఆయన లాభం కట్టే తీరు చూడాలి. "రూపాయికి బేడ" అనేవాడు. పన్నెండున్నర రూపాయలు పెట్టి తెచ్చిన సరుకుకు రూపాయికి బేడ చొప్పున ఇరవై అయిదు అణాలు, అంటే రూపాయి తొమ్మిదణాలు. అమ్మినవెల పద్నాలుగు రూపాయల ఒక అణా. నోటితో చెప్పేసేవాడు. అదే లెక్క మేము బడిలో చేయాలంటే ముందు రూపాయలను అణాలు చేయాలి. కొన్నవెల 200 అణాలు, అమ్మినవెల 225, లాభం 25. దాన్ని నూరుతో హెచ్చవేసి 200తో భాగిస్తే పన్నెండున్నర శాతం. శెట్టిగారి బేడా, మా పన్నెండున్నరా ఒకటే. ఆయన నూటిని వదిలి పదహారును పట్టుకున్నాడు, అంతే తేడా. రూపాయికి అణా అంటే ఆరుంబావు శాతం, పావలా అంటే ఇరవై అయిదు. వీసమంటే పదహారో వంతు, కాని అంటే అరవై నాలుగో వంతు. మన పాత భిన్నాలన్నీ ఇలా సగాలు, పావులుగా దిగుతాయి కనుక పదహారణాల రూపాయిలో అవి చక్కగా ఇమిడేవి. నూరులో ఇమడవు. నూరుకు ఎనిమిదో వంతు తీస్తే అర మిగులుతుంది, పదహారో వంతు తీస్తే పావు మిగులుతుంది.

ఆ పావు దగ్గరే తకరారు వచ్చింది. 1957 ఏప్రిల్ 1న నయాపైసలు వచ్చాయి. రూపాయికి నూరు. అణాకు ఆరుంబావు నయాపైసలు పడాలి, కాని పావు నయాపైస బిళ్ల లేదు. అర, అంతకంటే తక్కువైతే వదిలేయాలి, అరకు మించితే ఒకటి కట్టాలి అని సర్కారు పట్టిక ఇచ్చింది. అణాకు 6, బేడకు 12, మూడణాలకు 19, పావలాకు 25. ఇక్కడ లాభనష్టాల లెక్క వేసి చూడండి. అణా సరుకుకు ఆరు నయాపైసలు తీసుకుంటే కొట్టువాడికి ఆరుంబావులో పావు పోయింది, అంటే నూటికి నాలుగు నష్టం. ఏడు తీసుకుంటే ముప్పావు ఎక్కువ వచ్చింది, నూటికి పన్నెండు లాభం. నాలుగు అణాల సరుకు ఒక్కసారే కొంటే పాతిక, నాలుగుసార్లు అణా అణాకు కొంటే ఇరవై నాలుగు. రోజంతా అణా బేరాలు చేసుకునే కిళ్లీకొట్టుకు, టీకొట్టుకు ఇది చిన్న విషయమా? ఆ రోజుల్లో కొట్ల ముందు జరిగిన జగడాలు మీలో చాలామందికి గుర్తుండే ఉంటాయి. నయాపైసలో "నయా" 1964 జూన్ 1 నుంచి తీసేశారు.

అది సర్దుకునేలోగానే తూనికలు మారాయి. 1958 అక్టోబరు నుంచి అంచెలంచెలుగా కిలోలు వచ్చాయి. మా వైపు వీశె అంటే అయిదు సేర్లు, 120 తులాలు. కిలోల్లో దాదాపు ఒకటీ నాలుగు వందల గ్రాములు. వీశె రూపాయి పావలా ఉన్న సరుకు కిలో 89 నయాపైసలు పడాలి. "కిలో పదిహేను అణాలు" అని గుండ్రంగా చెప్పిన వ్యాపారి 94 తీసుకున్నట్టు. నూటికి అయిదు మాట మధ్యలో మాయమయింది. కొత్త నాణెం, కొత్త తూకం రెండూ ఒకేసారి వచ్చిపడితే సామాన్యుడు ఎక్కడని పట్టుకోగలడు? అయినా ఈ మార్పు జరగవలసిందే. తాలూకా కచేరీలో నేను చేరిన కొత్తలో పాత శిస్తు రిజిస్టర్లు రూపాయలు, అణాలు, పైసలు మూడు కాలమ్‌లుగా ఉండేవి. ఒక పేజీ కూడితే పైసల్ని పన్నెండుతో భాగించి, అణాల్ని పదహారుతో భాగించి మోసుకుపోవాలి. వాటిని కూడిన పాత గుమాస్తాలకు రోజూ దండం పెట్టేవాణ్ణి.

తెలంగాణ మిత్రులకు ఇంకో తిప్పలు ఉండేది. నిజాం రాజ్యంలో హాలీ సిక్కా, బయట కంపెనీ రూపాయి. ఏడు హాలీ రూపాయలకు ఆరు కంపెనీ రూపాయలు. అంటే నూరు కంపెనీ రూపాయలకు 116 హాలీ రూపాయల 10 అణాల 8 పైసలు. కంపెనీ రూపాయి వైపు నుంచి చూస్తే నూటికి 16 మీద మూడింట రెండు వంతులు ఎక్కువ. అదే హాలీ రూపాయి వైపునుంచి చూడండి. నూరు హాలీ రూపాయలకు వచ్చేవి 85 కంపెనీ రూపాయల చిల్లర, అంటే నూటికి 14 మీద ఏడింట రెండు వంతులు తక్కువ. ఒకే మారకం, ఒకే డబ్బు, కాని ఒకవైపు పదహారు పైచిలుకు, మరొకవైపు పద్నాలుగు పైచిలుకు! ఎందుకని? నూరు మారింది గనక. ఒకరు తమ నూటి మీద లెక్క కట్టారు, ఇంకొకరు తమ నూటి మీద. మనం పెళ్లిళ్లలో చదివించే నూటపదహార్లు ఈ మారకంనుంచే వచ్చాయని కొందరంటారు. హాలీ సిక్కా మొహం చూడని గోదావరి జిల్లాల్లోనూ నూటపదహార్లు ఉన్నాయి కనుక ఆ కథ మీద నాకు అంత నమ్మకం లేదు.

బడి పుస్తకాల్లో వర్తకుణ్ణి చూస్తే జాలేస్తుంది. పాలలో నీళ్లు కలిపేది అతనే, కొన్నధరకే అమ్ముతానని చెప్పి కిలోకు 900 గ్రాములు తూచేది అతనే. ఆ రెండో లెక్కలో లాభం పది శాతమని చాలామంది పిల్లలు రాస్తారు. కాదు, నూరు గ్రాములు మిగిలింది 900 మీద, కనుక 11 మీద తొమ్మిదో వంతు శాతం. ఇంకో లెక్క ఉంది. రెండు ఆవుల్ని ఒకే ధరకు అమ్మాడు, ఒకదాని మీద 20 శాతం లాభం, రెండోదాని మీద 20 శాతం నష్టం. లాభమూ నష్టమూ చెల్లుకు చెల్లు అనిపిస్తుంది. ఒక్కొక్కటి 1,200కు అమ్మాడనుకుందాం. మొదటిది కొన్నది 1,000కి, రెండోది 1,500కి. పెట్టింది 2,500, వచ్చింది 2,400. నూటికి నాలుగు నష్టం. ఇలాంటి లెక్కలు పిల్లల్ని ఏడిపించడానికి పెట్టారని నేను అనుకోను. సంతలో ఏమరిస్తే ఏమవుతుందో ముందే చూపించారు.

ఆ సంత ఇప్పుడు పెద్ద గాజు దుకాణాల్లోకి మారింది. "20 శాతం, దానిపైన మరో 10 శాతం తగ్గింపు" అంటే 30 అనుకుంటారు. నూరు మీద ఇరవై పోతే 80, ఆ 80 మీద పది శాతం అంటే 8, మిగిలింది 72. తగ్గింది 28. మా పుస్తకాల్లో దీన్ని ముదరా అనేవారు. వ్యాపార కంపెనీలు మాట్లాడే మార్జిన్ అనేది అమ్మినవెల మీద కట్టే లెక్క. 100కు కొని 125కు అమ్మితే బడి లెక్క ప్రకారం లాభం 25 శాతం, కంపెనీ లెక్క ప్రకారం 20. రెండూ అబద్ధం కాదు. అయితే ఎదుటివాణ్ణి బట్టి ఏది చెప్పాలో వాళ్లకు బాగా తెలుసు. 2017 జూలై 1 నుంచి వచ్చిన జి.ఎస్.టి. లోనూ అంతే. 18 శాతం పన్నుతో కలిపి బిల్లు 1,180 అయితే అందులో పన్ను 180. 1,180 మీద 18 శాతం కట్టి 212 పైచిలుకు అని చెప్పేవాళ్లను ఇటీవల కూడా చూశాను.

ఇక మన సొంత గొడవ. కరువు భత్యం మూల పింఛను మీద కడతారు. మూల పింఛను 20,000 అనుకోండి. భత్యం 20 శాతం ఉంటే చేతికి 24,000. అది 25 శాతం చేశారు, చేతికి 25,000. పత్రికలో "5 శాతం పెంపు" అని పడుతుంది. పెరిగింది వెయ్యి, అంతకు ముందు మన చేతికి వస్తున్నది 24,000. నిజానికి మన రాబడి పెరిగింది నాలుగు శాతం మీద కొద్దిగా మాత్రమే. భత్యం శాతం పెద్దదయినకొద్దీ ఈ తేడా ఇంకా పెరుగుతుంది. ఇందులో ఎవరి మోసమూ లేదు. కాని కూరగాయల ధర నూటికి అయిదు పెరిగిన నెలలో మనకూ అయిదు పెరిగిందనుకుంటే ఇంటి పద్దు కుదరదు.

ఆఖరుగా ఒక అనుభవం. కొన్నేళ్ల కిందట మా చిన్నవాడు స్కూటరు కొనడానికి ఒక ప్రైవేటు ఫైనాన్సు సంస్థకు వెళ్తే తోడు వెళ్లాను. పేరెందుకులెండి. "పన్నెండు శాతం ఫ్లాట్ అంకుల్, చాలా తక్కువ" అన్నాడు అక్కడి కుర్రవాడు. పదివేలకు లెక్క చెప్పమన్నాను. ఏడాదికి వడ్డీ 1,200, మొత్తం 11,200, పన్నెండు సమాన వాయిదాలు, నెలకు 933 చిల్లర. అతని కాగితం వెనక్కి తిప్పి నేను లెక్క కట్టాను. మొదటి నెల నా దగ్గర ఉండేది వాళ్ల పదివేలు. నెలనెలా అసలు తగ్గుతూ వచ్చి ఆఖరి నెలలో ఉండేది పన్నెండో వంతు. పదివేలనూ, ఆ పన్నెండో వంతు 833నూ కలిపి సగం చేస్తే 5,416 చిల్లర. ఏడాది పొడుగునా సగటున నేను వాడుకున్నది అంతే. దాని మీద 1,200 వడ్డీ అంటే సుమారు 22 శాతం. మన పల్లెటూరి భాషలో రెండు రూపాయల వడ్డీకి కొంచెం తక్కువ. కుర్రవాడు లెక్క రెండుసార్లు చూసుకుని, "మాకు ఇలా చెప్పమనలేదండి" అన్నాడు. స్కూటరు తరవాత మావాడి భవిష్యనిధి ఖాతాలోంచి అప్పు తీసుకుని కొన్నాం.

సభ్యులకు ఒక మనవి. పాత ఎక్కాల పుస్తకాలు, అణా పైసల కాలంనాటి పద్దు పుస్తకాలు, 1957 నాటి మార్పిడి పట్టికలు ఎవరి ఇంటి అటకమీదైనా ఉంటే చెదలకు వదలకుండా సంఘం కార్యాలయానికి తీసుకురండి. చదవడానికి వీలుకాని పాత భిన్నాల గుర్తులు ఉన్నా ఫరవాలేదు. ప్రతి బుధవారం సాయంత్రం నేను అక్కడే ఉంటాను.